మన ఊరికి లాబ్రడార్ తగునా?

విశాఖ మధురవాడలో మూడో అంతస్తు ఫ్లాటులో ఉండే ఒక కుర్రాడు తన కూతురి పుట్టినరోజుకి లాబ్రడార్ కూనని కొంటానన్నాడు. ఆ మాట మీద వాళ్లింట్లో ఇద్దరికి వాదన పడింది. ఒకరు అతని మేనమామ. కేంద్ర పారిశ్రామిక భద్రతా దళంలో కుక్కల హ్యాండ్లర్‌గా చేసి, రిటైరై, కూర్మన్నపాలెంలో ఇల్లు కట్టుకున్న మనిషి. రెండోవారు అతని అక్క. గన్నవరం పశువైద్య కళాశాలలో చదువుకుని గాజువాకలో ప్రాక్టీసు చేస్తున్న డాక్టరమ్మ. ఇద్దరికీ కుక్కలంటే ప్రాణమే. అందుకే ఆ వాదన అంత గట్టిగా సాగింది. కూనని కొనబోయే ప్రతి ఇంటికీ పనికొచ్చే మాటలని తోచి, నేను విన్నది విన్నట్టు ఇక్కడ రాస్తున్నాను.

డాక్టరమ్మ: మావయ్యా, తమ్ముడు మీ మాటయితే వింటాడు. వద్దని చెప్పండి. ఈ ఉక్కపోతలో లాబ్రడార్‌ని తెచ్చి బాల్కనీలో కట్టేస్తే దానికి శిక్షే. మే నెల వస్తే చాలు, నాలుక వేలాడేసి రొప్పుతూ లాబ్‌లు నా దగ్గరికి వరస కడతాయి. కుక్కకి మనలా ఒంటినిండా చెమట పట్టదు. రొప్పినప్పుడు నోట్లో తడి ఆరితేనే ఒళ్లు చల్లబడుతుంది. మన సముద్రపు గాలిలో తేమకి ఆ తడి ఆరదు.

మావయ్య: ఏటమ్మా, నా సర్వీసంతా వాటితోనే గడిచింది గదా. స్టీల్ ప్లాంటు గేటు దగ్గరా, పోర్టులోనూ ఎండాకాలం కూడా పని చేశాయి. తెల్లారగట్ల ఐదింటికి నడక. ఎండెక్కేసరికి కెన్నెల్లో ఫాను కింద. మధ్యాహ్నం డ్యూటీ పడితే కాసేపు పని, కాసేపు నీడ, పక్కన నీళ్ల బకెట్టు. చూసుకునే మనిషి ఉంటే విశాఖ ఎండ లాబ్‌ని ఏమీ చెయ్యదు.

డాక్టరమ్మ: అక్కడ కుక్కని చూసుకోవడమే ఒక మనిషికి ఉద్యోగం. ఇక్కడ తమ్ముడు పొద్దున్న వెళ్తే రాత్రికి గానీ ఇంటికి రాడు, మరదలిదీ ఉద్యోగమే. అయినా అది మన నేల మీద పుట్టింది కాదు మావయ్యా. మంచు దేశపు కుక్క, దొరల కుక్క.

మావయ్య: మంచు దేశపుదే, ఒప్పుకుంటాను. దొరల కుక్క మాత్రం కాదు. పుట్టడం జాలర్ల దగ్గరే పుట్టింది. కెనడా తూర్పు కొసన న్యూఫౌండ్‌లాండ్ అని దీవి ఉంది. ఇంగ్లండులోని డెవాన్, డోర్సెట్ తీరాల నుంచి కాడ్ చేపల వేటకెళ్లిన వాళ్లు అక్కడ స్థిరపడ్డారు. వాళ్ల పడవల మీద వెళ్లిన కుక్కలు ఒకదానితో ఒకటి కలిసి, కొన్ని తరాలకి సెయింట్ జాన్స్ కుక్క అనేది తయారైంది. నల్లటిది, రొమ్ము మీదా పాదాల మీదా తెల్ల మచ్చలు. గేలం నుంచి జారిపోయిన చేపని నీళ్లలోకి దూకి పట్టుకొచ్చేది. వల తాడు నోట కరుచుకుని ఒడ్డుకి ఈదుకొచ్చేది. పొడుగు బొచ్చు ఉంటే మంచు గడ్డలు కడుతుందని జాలర్లు పొట్టి బొచ్చు వాటినే ఉంచుకున్నారు. ఇప్పటికీ నీళ్లలోంచి వచ్చిన లాబ్‌ని పట్టుకుని, బొచ్చుకి ఎదురుగా వేళ్లు దూర్చి చూడు. పైన జిడ్డుగా, తడిగా ఉంటుంది. లోపలి మెత్తటి బొచ్చు దాకా వెళ్లేసరికి వేళ్లకి పొడి తగులుతుంది. మొదట్లో లావుగా, కొసకి సన్నగా ఉండే ఆ తోకని నీళ్లలో చుక్కానిలా తిప్పుతుంది. వేళ్ల మధ్య చర్మం కూడా ఈతకే. మన జాలారిపేట వాళ్లకి అలాంటిది ఒకటి ఉంటే ఒగ్గేసేవాళ్లా?

డాక్టరమ్మ: సరే, పుట్టడం జాలరి ఇంట్లోనే పుట్టింది. ఆ జాలరి కుక్క ఇప్పుడెక్కడుంది?

మావయ్య: వస్తున్నాను. ఉప్పుచేప దించడానికి ఆ ఓడలు ఇంగ్లండులోని పూల్ రేవుకి వచ్చేవి. ఆ రేవుకి దగ్గర్లోనే మామ్స్‌బరీ ఎర్ల్ ఎస్టేటు. చిత్తడి నేలల్లో బాతుల వేట ఆయనకి సరదా. ఓడల మీద వచ్చే కుక్కలు నీళ్లకి జంకకపోవడం చూసి 19వ శతాబ్దం మొదట్లో వాటిని తెప్పించుకున్నాడు. ఆ తర్వాత స్కాట్లండులో బక్లూ డ్యూక్ కుటుంబం కూడా తెప్పించింది. 1880లలో మూడో మామ్స్‌బరీ ఎర్ల్ తన దగ్గరి కుక్కల్ని బక్లూ వాళ్లకిచ్చాడు. నెడ్, ఏవన్ వాటిలోవే. నేటి లాబ్రడార్ వంశవృక్షం మొదట్లో కనిపించే పేర్లు అవి. 1903లో ఇంగ్లండు కెన్నెల్ క్లబ్ దీన్ని వేరే జాతిగా గుర్తించింది. 1917లో అమెరికా వాళ్లూ గుర్తించారు. అక్కడ 1991 నుంచి 2021 దాకా ఏటా రిజిస్ట్రేషన్లలో మొదటి స్థానం దీనిదే.

డాక్టరమ్మ: మీరు దాటేసిన ముక్క నేను చెప్తాను. న్యూఫౌండ్‌లాండ్‌లో గొర్రెల పెంపకం పెంచాలని 1780లోనే గవర్నరు ఇంటికి ఒక్క కుక్కే ఉండాలన్నాడు. 1885లో గొర్రెల రక్షణకని చట్టం తెచ్చి కుక్కల మీద పన్నులూ ఆంక్షలూ పెట్టారు. పన్ను కట్టలేని జాలర్లు ఆడకూనల్ని ఉంచుకోవడం మానేశారు. ఇంకోపక్క రేబిస్ భయంతో ఇంగ్లండు బయటి కుక్కలకి క్వారంటైన్ పెట్టింది. అటు కన్నతల్లి ఇంట్లో సంతు తెగింది, ఇటు మేనత్తింటికి దారి మూసుకుంది. 1980ల మొదట్లో ఆ దీవిలోని ఒక మారుమూల పల్లెలో చివరి రెండు సెయింట్ జాన్స్ కుక్కల్ని ఫోటో తీశారు. రెండూ ముసలివి, రెండూ మగవే. లాబ్‌ని ప్రపంచం నెత్తిన పెట్టుకుంది, దాన్ని కన్న జాతి అంతరించింది. మనం మురిసిపోయే చరిత్ర ఇదేనా మావయ్యా?

ఇక్కడ ఆయన కొంతసేపు మాట్లాడలేదు. సెయింట్ జాన్స్ కుక్క అంతరించిందని ఆయనకి తెలుసు. రెండూ మగవే అన్న మాటే ఆయన్ని పట్టుకున్నట్టుంది. ఆడది ఒక్కటి మిగిలి ఉంటే ఆ జాతికి ఇంకో తరం ఉండేదేమో.

మావయ్య: అది పోయినందుకు నాకూ బాధే. మరి ఆ దొరలు పుస్తకంలో తల్లి ఎవరు, తండ్రి ఎవరు అని రాసుకోకపోయుంటే లాబ్ కూడా దక్కేది కాదు గదా. దాని గుణం నువ్వు ఇంజెక్షన్ వేసేటప్పుడు చూస్తావు, నేను జనంలో చూశాను. సంక్రాంతి రద్దీలో విశాఖ రైల్వే స్టేషన్ ప్లాట్‌ఫారం ఎలా ఉంటుందో నీకు తెలుసు. అక్కడ అల్సేషన్‌ని తిప్పితే పిల్లలు జడుసుకుంటారు. లాబ్ చెవులు వేలాడేసుకుని, తోక ఊపుతూ సామాన్ల మధ్య నుంచి వెళ్లిపోతుంది. ఏజెన్సీ నుంచి దిగే గంజాయి పాకెట్ల మీద కాఫీపొడి చల్లుతారు, కారం చల్లుతారు. మన ముక్కుకి కాఫీ ఒక్కటే తగులుతుంది. కుక్క కాఫీని కాఫీగా, గంజాయిని గంజాయిగా విడివిడిగా పసిగడుతుంది. పేలుడు పదార్థాలకి ట్రైనింగయిన కుక్కని చూడు. నోరు మూసుకుని ముక్కుతో చిన్నచిన్నగా, గబగబా లాగుతూ లారీ చక్రం దగ్గరి నుంచి కేబిన్ మెట్టు దాకా వస్తుంది. వాసన తగిలిన చోట తోక ఊపడం మారుతుంది, మెడ వెనక్కి తిరుగుతుంది, వచ్చిన దారినే ఒక అడుగు వెనక్కి వేస్తుంది. తర్వాత కదలకుండా కూర్చుంటుంది. గీకదు, మొరగదు. గీకితే పేలొచ్చు గదా. జీతం ఏటంటే ఒక టెన్నిస్ బంతి.

డాక్టరమ్మ: బంతి కంటే తిండికే ఎక్కువ వింటుంది, ఎందుకో తెలుసా? 2016లో కేంబ్రిడ్జి యూనివర్సిటీ వాళ్లు లాబ్రడార్లలో పీఓఎంసీ అనే జన్యువులో ఒక ముక్క ఊడిపోయిందని కనిపెట్టారు. కడుపు నిండిందని మెదడుకి చెప్పే వ్యవస్థలో భాగం అది. ఇంచుమించు నాలుగు లాబ్‌లలో ఒకదానికి ఈ లోపం ఉంది. గుడ్డివాళ్లకీ వికలాంగులకీ సాయపడే కుక్కల్లో అయితే నాలుగింట మూడింటికి ఉంది. తిండి ఆశ ఉన్నవాటినే శిక్షణకి ఎంచుకుంటూ పోయారు, ఆకలి తీరనివే మిగిలాయి. 2024లో అదే బృందం ఇంకో సంగతి తేల్చింది. ఈ లోపం ఉన్నవి విశ్రాంతిగా ఉన్నప్పుడు ఖర్చు చేసే శక్తి కూడా పాతిక శాతం తక్కువట. అంటే ఆకలి ఎక్కువ, ఖర్చు తక్కువ.

మావయ్య: నేను శిక్షణ ఇచ్చానంటే దాని దయేనన్నమాట! బావుంది తల్లీ, ఇది నాకు తెలియదు. కానీ మా దగ్గర రేషన్ తూచి పెట్టేవాళ్లం. నెలనెలా బరువు చూసి రిజిస్టర్లో రాసేవాళ్లం.

డాక్టరమ్మ: ఇళ్లలో ఎవరు తూస్తారు? నాయనమ్మ పెరుగన్నం పెడుతుంది, పిల్లలు బిస్కెట్లు పెడతారు, అది ఇంకా కావాలన్నట్టు చూస్తుంది. మగ లాబ్ ముప్పై ఆరు కిలోలకి మించకూడదు. నా టేబుల్ మీదికి నలభై అయిదు తూగేవి వస్తున్నాయి. టైల్స్ నేల మీద జారుతూ, మూడంతస్తులు మెట్లెక్కి దిగుతూ, అసలే హిప్ డిస్‌ప్లేసియా వచ్చే జాతి. ఆరేళ్లకే లేవలేకపోతే ఇంటిల్లిపాదీ ఏడుస్తారు. ఆ ఏడుపులు నేను చూస్తున్నాను.

మావయ్య: అందుకే ఏ రకం కొంటున్నామో చూడాలి. కొనేవాళ్లకి తేడాలు తెలియవు, అమ్మేవాళ్లు చెప్పరు. లాబ్‌లో ప్రధానంగా రెండు బాణీలు. ఒకటి షో బాణీ. ఇంగ్లీషు రకం అంటారు. పొట్టి కాళ్లు, వెడల్పాటి తల, పీపాలాంటి ఛాతీ, నెమ్మది స్వభావం. రెండోది ఫీల్డు బాణీ, అమెరికన్ రకం అంటారు. సన్నగా, పొడుగు కాళ్లతో ఉంటుంది, రోజంతా పరుగెత్తినా అలసట ఎరగదు. పని చూపించకపోతే సోఫా పీకి పెడుతుంది. స్క్వాడ్‌కి రెండోదే మేలు. ఫ్లాటుకి మొదటిదే నయం, అదీ బరువు అదుపులో ఉంచితే. ఇక మన బజారు భాష వేరు. 'పంచ్ ఫేస్, హెవీ బోన్' అని ఫోన్లో ఫోటోలు పంపుతారు. అంటే ఎముక బరువుగా, మొహం నొక్కినట్టు ఉండేలా జతకట్టించినవి. జాలరి పడవ మీద అలాంటి కుక్క ఒక్క రోజు ఉండగలదా?

డాక్టరమ్మ: రంగుల మోసం కూడా చెప్పండి.

మావయ్య: రంగులు మూడే. నలుపు, పసుపు, చాక్లెట్. నల్ల తల్లికీ నల్ల తండ్రికీ ఒకే ఈతలో మూడు రంగులూ పుట్టొచ్చు. మొదట్లో నలుపే అసలైన రంగనుకున్నారు. 1899లో పుట్టిన బెన్ ఆఫ్ హైడ్ అనే కుక్క రికార్డుకెక్కిన మొదటి పసుపు లాబ్. దాంతో పసుపుకి పరువొచ్చింది. పసుపులోనే మీగడ రంగు నుంచి నక్క ఎరుపు దాకా ఛాయలు ఉంటాయి. అవన్నీ పసుపు కిందే లెక్క. ఇప్పుడు 'సిల్వర్ లాబ్, అరుదైనది' అని రెట్టింపు ధర చెప్తున్నారు. అది చాక్లెట్ రంగే, పలచబడింది. కెన్నెల్ క్లబ్బులు దాన్ని వేరే రంగుగా ఒప్పుకోవు.

డాక్టరమ్మ: చాక్లెట్ సంగతి ఇంకోటుంది. ఇంగ్లండులో లాబ్‌ల వైద్య రికార్డులు చూసి 2018లో తేల్చారు. మిగతా రంగులవి సగటున పన్నెండేళ్లకి పైగా బతికితే, చాక్లెట్‌వి పది పదకొండేళ్లే. చెవి రోగాలు, చర్మ రోగాలు కూడా వాటికే ఎక్కువ. తప్పు రంగుది కాదు. ఆ రంగే కావాలని కొద్ది కుక్కల్ని మళ్లీ మళ్లీ జతకట్టించడం వల్ల కావచ్చని వాళ్ల అనుమానం. ఇదంతా మానుకుని మన కుక్కల్ని పెంచుకుంటే ఏం పోతుంది? 2005లో పోస్టల్ శాఖ ముధోల్, రాజపాళయం, రాంపూర్, హిమాలయన్ షీప్‌డాగ్‌ల మీద స్టాంపులు వేసింది. తమిళనాడులో రాజపాళయం కుక్కని పెంచింది ఎవరు? విజయనగర కాలం తర్వాత అక్కడికి వలసపోయి ఇప్పటికీ ఇంట్లో తెలుగే మాట్లాడే రాజులు.

మావయ్య: రాజపాళయం నాకూ ఇష్టమే. పాలలా తెల్లటిది, ముక్కు గులాబి రంగు. అడవి పంది వెంట పడే వేటకుక్క. ఒక్క యజమానికే లొంగుతుంది, కొత్తవాళ్లని దగ్గరికి రానివ్వదు. దాన్ని తెచ్చి పిల్లలు తిరిగే లిఫ్టులో ఎక్కిస్తావా? పైగా ఆ తెలుపు కోసమే జతకట్టించి జతకట్టించి చెవిటి కూనలు పుడుతున్నాయని మీ డాక్టర్లే అంటారు. దేశవాళీ అన్నంత మాత్రాన రోగం రాదనేం లేదు.

ఈ మాట సూటిగా తగిలింది. డాక్టరమ్మ కాదనలేదు. నా లెక్కలో ఆ రోజు మావయ్య గెలిచిన చోటు ఇదొక్కటే. ఆ తర్వాత ఆమె ఎత్తుకున్న సంగతి ముందు ఇది చిన్నదైపోయింది.

డాక్టరమ్మ: ఒప్పుకుంటాను. మన తీరపు కుక్క సంగతి మాట్లాడదాం. జొనంగిని చూశారా?

మావయ్య: కొల్లేటి వైపు ఉంటుందని విన్నాను.

డాక్టరమ్మ: నేను గన్నవరంలో చదివేటప్పుడు చూశాను. పొట్టి బిగుతు బొచ్చు, ఎక్కువగా గోధుమ రంగు, నుదుటి మీద ముడతలు. ఏదో ఆలోచిస్తున్నట్టే ఉంటుంది మొహం. మామూలు కుక్కలా మొరగదు. అరుదుగా గొంతెత్తినా అది రాగం తీసినట్టుంటుంది. పగలు గట్టు వారన మెత్తటి మట్టిలో ముందు కాళ్లతో గొయ్యి తవ్వుకుంటుంది. ఒళ్లు పట్టేటంత లోతు రాగానే అందులో చుట్టుకుని పడుకుంటుంది. లోపలి మట్టి చల్లన. మన ఎండని ఎలా కాచుకోవాలో దానికి ఎవరూ నేర్పక్కర్లేదు. బాతుల మందల్ని తోలడానికి కృష్ణా, గోదావరి జిల్లాల్లో దీన్ని ఉంచుకునేవాళ్లు. వందల బాతుల్ని ఒక్కదాన్నీ గాయపరచకుండా చేల మీదుగా మళ్లించేది. తర్వాత ఏమైంది? వరిచేలు చేపల చెరువులయ్యాయి. బాతుల మందలు తగ్గాయి, కుక్కకి పని పోయింది. ఆకలికి చెరువులో చేప పట్టడం మొదలుపెట్టింది. చెరువుల వాళ్లు చంపడం మొదలుపెట్టారు. మావయ్యా, న్యూఫౌండ్‌లాండ్‌లో గొర్రెల కోసం జాలరి కుక్క పోయింది. మన కొల్లేటి పక్కన చేపల కోసం బాతుల కుక్క పోతోంది. మీరు చెప్పిన కథే ఇక్కడ మళ్లీ జరుగుతోంది, మన కళ్ల ముందే.

మావయ్య: ...అలాగైతే దానికి కూడా పుస్తకం ఉండాలి.

డాక్టరమ్మ: ఏ పుస్తకం?

మావయ్య: ఇందాక నేను చెప్పినదే. దొరల గొప్ప వేటలో లేదమ్మా, రాసి పెట్టుకోవడంలో ఉంది. ఈ ఆడదాన్ని ఈ మగదానితో కలిపాం, ఇన్ని పుట్టాయి, వీటికి ఈ లోపం కనబడింది అని. కర్ణాటక వాళ్లు ముధోల్ దగ్గర కుక్కల కేంద్రం పెట్టుకున్నారు. ఆ ముధోల్‌ని 2016లో మీరట్‌లో ఆర్మీ వాళ్లు శిక్షణకి తీసుకున్నారు. తమిళనాడుకి సైదాపేటలో ప్రభుత్వ కేంద్రం ఉండేది. 2020లో జాతీయ జంతు జన్యు వనరుల సంస్థ కుక్కల్ని జాతులుగా మొదటిసారి గుర్తించినప్పుడు మూడే గుర్తించింది. రాజపాళయం, చిప్పిపారై, ముధోల్. జొనంగి అందులో లేదు. ఎందుకు లేదు? కేంద్రాలున్న వాళ్లు లెక్క చూపించారు, మనం చూపించలేదు. మీ డాక్టర్లు మొదలుపెట్టండి. రిజిస్టర్ ఎలా రాయాలో నేను చూపిస్తాను. నిజం చెప్తున్నాను, నాకు ఖాళీయే.

డాక్టరమ్మ: మీరొస్తే నేను సెలవు పెట్టి వస్తాను. కైకలూరు నుంచి మొదలుపెడదాం. మరి తమ్ముడి సంగతి?

మావయ్య: వాడికి లాబ్ వద్దని మాత్రం అనను. ఆ పిల్లకి తోడుగా అంత మంచి మనసున్న కుక్క ఇంకోటి దొరకదు. కానీ పొద్దున్నా సాయంత్రం నడిపించే మనిషి ఎవరో ముందు తేలాలి. తేలకపోతే ఇప్పుడు కొనడు.

డాక్టరమ్మ: నేను వద్దనే అంటాను. కొంటే మాత్రం కాగితాలు చూసి కొనాలి. 2017 నాటి కుక్కల పెంపకం, అమ్మకం నిబంధనల ప్రకారం పెంపకందారుకి రిజిస్ట్రేషన్ ఉండాలి. ఎనిమిది వారాల లోపు కూనని అమ్మకూడదు. పద్దెనిమిది నెలలు నిండని ఆడకుక్కని జతకట్టించకూడదు. దాని జీవితంలో ఐదు ఈతలకి మించకూడదు. కెన్నెల్ క్లబ్ ఆఫ్ ఇండియా సర్టిఫికెట్ ఉంటే కూన మెడలో మైక్రోచిప్ ఉండాలి, రెండు నంబర్లూ కలవాలి. తల్లిదండ్రుల తుంటి ఎక్స్‌రేలు అడగాలి.

మావయ్య: అన్నిటికంటే ముందు తల్లిని చూపించమనాలి. పొదుగు వేలాడుతూ, డొక్కలు కనబడుతూ, మనిషిని చూసి గోడకి నక్కుతోందంటే అక్కడి నుంచి వెనక్కి వచ్చేయాలి. కూన ఎంత ముద్దుగా ఉన్నా సరే.

ఇద్దరూ రాజీ పడలేదు, పడతారని నేను ఎదురుచూడలేదు కూడా. నా తీర్పు అడిగితే, ఆ ఫ్లాటులో పగలంతా మనిషి లేనంత కాలం డాక్టరమ్మ మాటే సరైనది. జొనంగి విషయంలో మాత్రం ఇద్దరిదీ ఒకే మాట, అదే నాదీ. కృష్ణా, ఏలూరు, గోదావరి జిల్లాల్లో ఈ వ్యాసం చదివేవాళ్లకి ఒక మనవి. మీ ఇంట్లోగానీ, మీ ఊరి చెరువు గట్టు మీదగానీ జొనంగి ఉంటే ఫోటో తీసి, ఆడదో మగదో, వయసెంతో, తల్లి ఎవరింటిదో ఒక నోటుపుస్తకంలో రాయండి. ఈనితే కూనల లెక్క కూడా రాయండి. ఆ పుస్తకాన్ని మీ మండల పశువైద్యశాలలో డాక్టరుకి చూపించండి. ముఖ్యంగా ఆడకూనల్ని పారేయకండి.